పొగాకు దుమ్ములో ఒక కెమెరా

2023 మార్చిలో నరసరావుపేట దగ్గర ఒక మిరప కల్లంలోకి ఫోన్ పట్టుకుని వెళ్ళాను. తెలిసినవాళ్ళ కల్లమే. పదిహేను మంది దాకా ఆడవాళ్ళు కాయల రాశి చుట్టూ కూర్చుని తొడిమలు తీస్తున్నారు. సాయంత్రం ఎండ, ఎర్రటి కాయలు, ఘాటుకి ముక్కుల మీదికి లాక్కున్న చీర కొంగులు. డాక్యుమెంటరీ అంటే ఇదే కదా అనుకున్నాను. ఫోన్ కదలకుండా పట్టుకునే గింబల్ కూడా కొన్నాను అందుకోసం, ఈఎంఐ మీద.

నేను ఫోన్ పైకెత్తగానే పని ఆగింది. కొంగులు సర్దుకున్నారు. ఒకావిడ "ఏ ఛానెల్ బాబూ?" అని అడిగింది. ఏ ఛానెలూ కాదు పిన్నీ, ఊరికే అన్నాను. "ఊరికే ఎందుకు?" అంది. నా దగ్గర జవాబు లేదు. ఇబ్బందిగా నవ్వాను, వాళ్ళూ నవ్వారు, మళ్ళీ పని మొదలైంది. నలభై ఏడు నిమిషాల వీడియో తీసుకుని హైదరాబాద్ వచ్చి గచ్చిబౌలి రూమ్‌లో తెరిచి చూస్తే అందులో ఏమీ లేదు. రంగులున్నాయి, ఫోకస్ ఉంది. కానీ వాళ్ళు పని చేయట్లేదు, నాకోసం పని చేసి చూపిస్తున్నారు. ఈ రెండిటికీ తేడా ఎంత ఉంటుందో అప్పటిదాకా నాకు తెలీదు.

ఆ జూన్‌లోనే నవ్‌రోజ్ కాంట్రాక్టర్ చనిపోయాడన్న వార్త చదివాను. సినిమాటోగ్రాఫర్, స్టిల్ ఫోటోగ్రాఫర్, ఎనభైకి దగ్గర పడిన వయసులో కూడా మోటార్ సైకిల్ వదలని మనిషి. బెంగళూరు నుంచి బైక్ మీద వెళ్తూ హోసూరు దగ్గర ప్రమాదంలో పోయాడు. నాకు ఆయన పేరు 'దువిధా' టైటిల్స్‌లో చూసిన గుర్తు, అంతే. ఆ రాత్రి ఆయన తీసిన సినిమాల పేర్లు వెతుకుతుంటే ఒక తెలుగు పేరు కనపడింది: 'ఇది కథ మాత్రమేనా?'. ఇంకో పేరు దగ్గర పొగాకు అన్న మాట కనపడింది. ఆ రెంటి వల్లా ఈ వ్యాసం.

ఫోన్‌లో అమ్మతో ఈ మాట చెప్తే "కాంట్రాక్టరా? ఏం పనులు చేయించేవాడు?" అంది. మా వైపు కాంట్రాక్టర్ అంటే కాలవ పనులో రోడ్డు పనులో చేసి బిల్లుల కోసం తిరిగే మనిషి. పార్శీల ఇంటిపేర్లు అట్టా వృత్తుల మీద ఉంటాయని చెప్పాల్సి వచ్చింది.

అహ్మదాబాద్‌లో పెరిగాడు. బరోడాలో ఫైన్ ఆర్ట్స్ చదివాడు, తర్వాత పూణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో కెమెరా. బరోడా అన్న మాట ముఖ్యం. అరవైల్లో అక్కడి ఫైన్ ఆర్ట్స్ ఫ్యాకల్టీ అంటే దేశంలో కొత్త చిత్రకళ తయారవుతున్న చోటు. ఫ్రేమ్‌లో ఖాళీని ఎంత ఉంచాలి, గోడ తెల్లగా ఉంటే దాని పక్కన తెల్లచీర ఎట్టా కనపడుతుంది లాంటి ప్రశ్నలు కెమెరా పట్టుకోకముందే బుర్రలో పడే చోటు. ఆ చదువు ఫలితం మణికౌల్ తీసిన 'దువిధా'లో (1973) కనపడుతుంది.

విజయదాన్ దేథా రాసిన రాజస్థానీ జానపద కథ అది. పెళ్ళయిన మర్నాడే వ్యాపారానికి వెళ్ళిపోయిన భర్త, మర్రిచెట్టు మీది దయ్యం ఆ భర్త రూపంలో పెళ్ళికూతురి దగ్గరికి రావడం. (ఇదే కథని 2005లో షారుఖ్‌తో 'పహేలీ'గా తీశారు. రెండూ ఒకే వారంలో చూడకండి, తల తిరుగుతుంది.) దేథా సొంత ఊరు బోరుందాలో షూటింగ్. చిత్రకారుడు అక్బర్ పదమ్సీ డబ్బు సర్దాడు, ఆయన కూతురు రైసా పెళ్ళికూతురిగా వేసింది. 16 ఎం.ఎం. మీద తీసి తర్వాత 35కి పెంచారు. ఆ సినిమాకి మణికౌల్‌కి ఉత్తమ దర్శకుడిగా జాతీయ అవార్డు వచ్చింది.

16 ఎం.ఎం. అంటే ఏంటో ఈ తరం వాళ్ళం కొంచెం ఊహించుకోవాలి. ఆ రోజుల్లో చిన్న కెమెరాలు కొన్ని గడియారంలా కీ ఇచ్చి నడిపేవి. ఒకసారి కీ ఇస్తే అర నిమిషం కూడా నడవదు. వంద అడుగుల ఫిల్మ్ చుట్ట రెండు ముప్పావు నిమిషాల్లో అయిపోతుంది. కాస్త పెద్ద కెమెరాల్లో వేసే నాలుగు వందల అడుగుల చుట్టయినా పదకొండు నిమిషాలే. నేను కల్లంలో తీసిన నలభై ఏడు నిమిషాలకి అట్టాంటివి నాలుగు చుట్టలు చాలవు. ముడి ఫిల్మ్ బయటి దేశం నుంచి రావాలి, కడగడానికి డబ్బు కావాలి, ఏం వచ్చిందో కొన్ని రోజుల తర్వాత గానీ తెలీదు. అందుకే ఆ కాలపు కెమెరామన్‌కి మీట నొక్కేముందు చూడటం అన్న పని ఒకటి ఉండేది. అది నా ఫోన్‌లో లేదు.

'దువిధా'లో షాట్లు చూడండి. మనుషులు దాదాపు కదలరు. కొన్నిచోట్ల ఫ్రేమ్ ఫోటోలా గడ్డకడుతుంది. ఎక్కువ కథ వెనక నుంచి వచ్చే గొంతులు చెప్తాయి. ఎర్రటి పెళ్ళిబట్టలు, సున్నం గోడలు, ఎండ. చిత్రకళ చదివిన కుర్రాడు తీసిన సినిమా అని చెప్పకుండానే తెలుస్తుంది. నిజం చెప్పాలంటే మొదటిసారి నాకు నిద్రొచ్చింది, రెండోసారి రాలేదు. ఏదేమైనా, ఇట్టాంటి కెమెరామన్ తర్వాతి మెట్టు ఏమై ఉండాలి? ఆర్ట్ సినిమాలు, అవార్డులు, ఆ తర్వాత బొంబాయి. ఫీచర్ సినిమాలు చేశాడు కూడా. నచికేత్, జయూ పట్వర్ధన్‌ల '22 జూన్ 1897' ఆయన కెమెరానే. ఎనభైల చివర 'పెర్సీ', ఆ తర్వాత గుజరాతీలో 'హున్ హున్షీ హున్షీలాల్' ఉన్నాయి. కానీ ఆయన బతుకులో పెద్ద భాగం వేరే దారిలో వెళ్ళింది.

1980లో బెంగళూరులో 'యుగాంతర్' అని ఒక చిన్న ఫిల్మ్ బృందం మొదలైంది. దీపా ధన్‌రాజ్, ఆభా భయ్యా, మీరా రావ్, నవ్‌రోజ్. దీపా హైదరాబాద్‌లో పుట్టింది, నవ్‌రోజ్ భార్య. ఎమర్జెన్సీ అయిపోయి మూడేళ్ళు. దేశమంతా కొత్త స్త్రీల సంఘాలు పుడుతున్నాయి. వరకట్న చావుల మీద, పోలీస్ స్టేషన్లలో అత్యాచారాల మీద ఊరేగింపులు. ఇంకోవైపు డాక్యుమెంటరీ అంటే జనానికి తెలిసింది ఫిల్మ్స్ డివిజన్ ఒక్కటే. 1948లో పెట్టిన ఆ సంస్థ రీళ్ళు ప్రతి హాల్లో సినిమాకి ముందు వేయాలని రూలు. మా నాన్న లెక్కలో న్యూస్‌రీల్ అంటే బయట సిగరెట్ కాల్చుకునే టైము. ఆనకట్ట, ట్రాక్టర్, మంత్రి, పైనుంచి దేవుడిలాంటి ఒక గొంతు. ఆ రీళ్ళలో మంచివి లేవని కాదు, వాటిని తీసినవాళ్ళలో గొప్ప పనిమంతులు ఉన్నారు. మన 'మాయాబజార్' వెన్నెల తీసిన మార్కస్ బార్ట్‌లీ కూడా మొదట న్యూస్‌రీల్ కెమెరామనే. కాకపోతే ఆ సర్కారు రీళ్ళలో పనిచేసే ఆడమనిషి కనపడితే నాట్లేస్తూ దూరంగా, నలుగురిలో ఒకతెగా కనపడుతుంది, దేశం ముందుకు పోతోందని చెప్పడానికి.

యుగాంతర్ మూడేళ్ళలో నాలుగు చిన్న సినిమాలు తీసింది. పూణేలో ఇళ్ళలో పనిచేసే ఆడవాళ్ళు సంఘం పెట్టుకోవడం గురించి 'మోల్‌కరీణ్' (1981). నిపాణి పొగాకు ఫ్యాక్టరీల ఆడవాళ్ళ గురించి 'తంబాకు చాకిలా ఊబ్ ఆలి' (1982). హైదరాబాద్‌లో 'ఇది కథ మాత్రమేనా?' (1983). చిప్కో ఉద్యమంలోని ఒక స్త్రీ గురించి 'సుదేశ' (1983). వాటిని హాళ్ళలో వేయలేదు. ప్రొజెక్టర్ మోసుకెళ్ళి బస్తీల్లో, సంఘాల మీటింగుల్లో చూపించారు. ఈమధ్య బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ వాటిని బాగుచేసి డిజిటల్ చేయబట్టి గచ్చిబౌలిలో కూర్చుని నేను చూడగలిగాను.

నిపాణి కర్ణాటకలో, మహారాష్ట్ర సరిహద్దులో. అక్కడ మాట్లాడేది ఎక్కువగా మరాఠీ. బీడీ పొగాకుకి పేరున్న ఊరు. వేలమంది ఆడవాళ్ళు ఆ ఫ్యాక్టరీల్లో ఆకుని కొట్టి, జల్లించి, పొడిచేసే పనిలో ఉండేవారు. ఎనభైల మొదట్లో వాళ్ళు సంఘం కట్టి, సమ్మెలు చేసి కూలి పెంచుకున్నారు. సినిమా వాళ్ళు అక్కడ నాలుగు నెలల పాటు ఉండి, ఏం తీయాలో ఎక్కడ తీయాలో ఆ ఆడవాళ్ళతో కలిసి తేల్చుకున్నారు. జరిగిపోయిన కొన్ని ఘట్టాలని వాళ్ళే మళ్ళీ చేసి చూపించారు. ఇది నాకు మింగుడు పడలేదు మొదట. నటించి చూపిస్తే డాక్యుమెంటరీ ఎట్టా అవుతుంది? మా కల్లంలో వాళ్ళు నటిస్తే నా వీడియో పాడయింది కదా. తర్వాత తట్టింది. కల్లంలో వాళ్ళు నటించింది నాకు కావాల్సిందేదో ఊహించుకుని. నిపాణిలో వాళ్ళు నటించింది వాళ్ళకి కావాల్సింది.

నలుపు తెలుపు. సుమారు ఇరవై ఐదు నిమిషాలు. ఫ్యాక్టరీ లోపల దుమ్ము. ఆ దుమ్ములో ముక్కుకి గుడ్డ కట్టుకున్న ఆడవాళ్ళు. అంతకుముందు అట్టాంటి ఫ్యాక్టరీ లోపలిని ఎవరూ చూపించిన పాపాన పోలేదు. రంగు ఫిల్మ్ అయితే పొగాకు దుమ్ము ఎట్టుండేదో గానీ, నలుపు తెలుపులో దుమ్ముకి బరువొచ్చింది. వెలుతురు కిటికీ నుంచి వస్తే అది వెలుతురులా ఉండదు, గాల్లో నిలబడ్డ పొడిలా ఉంటుంది. 'దువిధా' తీసిన కన్ను ఇక్కడ అందం చూడలేక కాదు. చూసింది, కానీ దాని దగ్గర ఆగలేదు. ఆ కాంతిని చూసి మనం ఆహా అనుకునేలోపే షాట్ మనిషి దగ్గరికి వెళ్ళిపోతుంది. మీటింగుల్లో ఆడవాళ్ళు ఒకళ్ళ మాట ఒకళ్ళు అందుకుంటూ మాట్లాడుతుంటే కెమెరా వేదిక ముందు నిలబడ్డ ప్రెస్ వాడిలా ఉండదు, గుంపులో చోటు చేసుకుని కూర్చున్న మనిషిలా ఉంటుంది. మాట్లాడేవాళ్ళ మొహాల మీద ఎంత ఉంటుందో వినేవాళ్ళ మొహాల మీదా అంతే ఉంటుంది. ఫలానా యాంగిల్, ఫలానా కదలిక అని వేలెత్తి చూపించే స్టైల్ కాదిది. ఎక్కడ కూర్చోవాలో తెలిసిన స్టైల్.

ఇక్కడ మా అమ్మమ్మ సంగతి చెప్పాలి. అమ్మమ్మది చిలకలూరిపేట. ఇప్పుడు నరసరావుపేట కేంద్రంగా పల్నాడు జిల్లా అయింది గానీ (2022 ఏప్రిల్ నుంచి), మాకు ఆ రెండు ఊళ్ళూ ఎప్పుడూ ఒకటే, ఇరవై కిలోమీటర్ల బస్సు ప్రయాణం. గుంటూరు వైపు పొగాకు అంటే బీడీ ఆకు కాదు, సిగరెట్ ఆకు, వర్జీనియా. రైతు బ్యారన్‌లో కాల్చి తెచ్చిన ఆకుని కంపెనీల్లో రంగుని బట్టి, మచ్చని బట్టి వేరు చేయాలి. ఈనెలు తీయాలి. దాన్ని గ్రేడింగ్ అంటారు, ఆ పనికి పోయేది దాదాపు ఆడవాళ్ళే. సీజన్‌లో తెల్లవారకముందే పేటలో ఆడవాళ్ళు క్యారేజీలు పట్టుకుని గుంపులు గుంపులుగా కంపెనీలకి నడిచిపోయేవాళ్ళని అమ్మ చెప్తుంది. అమ్మమ్మ ఇరవై ఏళ్ళకి పైగా గ్రేడింగ్‌కి పోయింది. చేతులకి ఆకు జిగురు పట్టి నల్లగా అయ్యేవట. సబ్బుతో పోదు. ఆ చేత్తో కలిపి పెడితే అన్నం చేదుగా ఉండేదట. "మాకు స్కూలు లేని రోజు మధ్యాహ్నం అన్నం బాబాయి పెట్టేవాడు, అమ్మ పెడితే తినేవాళ్ళం కాదు" అని అమ్మ నవ్వుతూ చెప్పి, ఆ తర్వాత కాసేపు మాట్లాడదు.

అమ్మమ్మవి రెండే ఫోటోలున్నాయి. ఒకటి ఓటరు కార్డులోది, అందులో ఆమెని నేనే గుర్తుపట్టలేను. రెండోది మా మేనమామ పెళ్ళిలో, అక్షింతలు వేస్తూ, సగం మొహం ఇంకెవరి భుజం వెనకో ఉంది. ఆ కంపెనీలో తీసిన ఫోటో ఒక్కటి లేదు. ఇరవై ఏళ్ళు ఒక మనిషి రోజుకి పది గంటలు ఎక్కడ కూర్చుందో, ఎట్టా కూర్చుందో, పక్కన ఎవరున్నారో చూపించే బొమ్మ ప్రపంచంలో ఎక్కడా లేదు. పల్నాడంటే ఇప్పటికీ బ్రహ్మనాయుడు, నాగమ్మ, కోడిపందెం, కారంపూడి తిరునాళ్ళ. లేదంటే టీవీల్లో నాటుబాంబులు. పౌరుషం కథలే గానీ పొగాకు కథలు లేవు. ఈ మాట అంటే మావాళ్ళకి కోపం వస్తుంది. రానీండి.

ఇంకో సంగతి కూడా తేల్చుకోవాలి. స్త్రీల బృందం, స్త్రీల కోసం తీసిన సినిమాలు, కానీ కెమెరా వెనక మగవాడు. అప్పట్లో కెమెరా నేర్చుకున్న ఆడవాళ్ళు మన దేశంలో వేళ్ళ మీద లెక్కపెట్టేంత మంది కూడా లేరు కాబట్టి తప్పలేదు అనొచ్చు. అది సగం జవాబే. ఆ సినిమాల్లో ఆడవాళ్ళు కొంగు సర్దుకోకుండా మాట్లాడటానికి కారణం నెలల తరబడి దీపా, ఆభా, మీరా వాళ్ళతో కూర్చున్న కూర్చోవడం. వాళ్ళు సంపాదించిన నమ్మకం మీద నవ్‌రోజ్ కెమెరా నిలబడింది. దాన్ని పాడుచేయకుండా ఉండటం ఆయన చేసిన పని. చిన్న పనిలా వినపడుతుంది గానీ, కెమెరా చేతిలో ఉన్న మగవాడికి అంతకంటే కష్టమైంది ఇంకోటి ఉండదేమో. నేను కల్లంలోకి ఒక్కడినే, ఒక్క సాయంత్రానికి, గింబల్‌తో వెళ్ళాను.

అందుకే ఆయన 'విజువల్ స్టైల్' గురించి రాయడం తిప్పలుగా ఉంది. మా బోటి ఔత్సాహిక విమర్శకులకి సంతకం కావాలి. ఈ లాంగ్ టేక్ ఈయనది, ఈ బ్యాక్‌లైట్ ఆయనది అని చెప్పాలి. యుగాంతర్ సినిమాల్లో ఏ నిర్ణయం ఒక్కరిదో విడదీయడం కుదరదు. విడదీయకూడదన్నదే వాళ్ళ పద్ధతి. ఆఫీసులో పది మంది రాసిన కోడ్‌లో ఏ లైన్ ఎవరిదో ఒక్క కమాండ్ కొడితే తెలుస్తుంది, తప్పు ఎవరి మీదకి తోయాలన్నా అదే కొడతాం. ఇక్కడ అట్టాంటి కమాండ్ లేదు, అది లేకపోవడం మొదట నాకు చిరాకుగా కూడా అనిపించింది.

'ఇది కథ మాత్రమేనా?' తెలుగు సినిమా. హైదరాబాద్‌లోని స్త్రీశక్తి సంఘటనతో కలిసి తీశారు. 'మనకు తెలియని మన చరిత్ర' పుస్తకం (1986) తెచ్చింది ఈ సంఘమే. తెలంగాణ సాయుధ పోరాటంలో ఉన్న ఆడవాళ్ళ మాటల్ని వాళ్ళ గొంతుతోనే వేసిన పుస్తకం. ఆ పుస్తకం తెలిసినవాళ్ళలో కూడా ఈ సినిమా చూసినవాళ్ళు నాకు ఎక్కువ మంది తగల్లేదు. సంఘంలోని ఆడవాళ్ళు వాళ్ళ వాళ్ళ అనుభవాలు కలబోసుకుని అల్లుకున్న కథ, వాళ్ళే నటించారు. ఇంట్లో హింస, ఇల్లే కమ్ముకుని మనిషి లోపలికి కుంగిపోవడం, ఇంకో ఆడమనిషి స్నేహం. అదే ఏడాది మన హాళ్ళలో 'ఖైదీ' ఆడుతోంది, ఊళ్ళకి ఊళ్ళు ఊగిపోతున్నాయి. ఈ అరగంట సినిమా ఎవరికీ తెలీదు. నిపాణి ఫ్యాక్టరీలో గుంపు మధ్య కూర్చున్న కెమెరా ఇక్కడ ఇంట్లో ఇరుక్కుంటుంది. నటన అక్కడక్కడా తడబడుతుంది, ఒప్పుకోవాలి. కానీ మధ్యతరగతి ఇంటిని మన సినిమాల్లో సెట్‌లా ఒక గోడ తీసేసి చూపిస్తారు. ఇక్కడ నాలుగు గోడలూ ఉన్నాయి, ఆ సంగతి చూసేవాడికి ఊపిరిలో తెలుస్తుంది.

తర్వాత 'క్యా హువా ఇస్ శహర్ కో?' (1986). దీపా దర్శకత్వం, నవ్‌రోజ్ కెమెరా, వెనక హైదరాబాద్ ఏక్తా అన్న పౌరుల వేదిక. 1984 ఆగస్టు 16న గవర్నర్ రాంలాల్ ఎన్టీఆర్‌ని దించేయడం, సెప్టెంబర్ 16న ఆయన మళ్ళీ ముఖ్యమంత్రి కావడం మనకి క్లాసు పుస్తకం లాంటి కథ. చైతన్యరథం, ఎమ్మెల్యేలని బెంగళూరు తీసుకెళ్ళడం, ప్రజాస్వామ్యం గెలవడం. ఆ నెలలోనే పాతబస్తీలో గణేశ్ ఊరేగింపు రోజుల్లో మనుషులు చచ్చిపోయారన్నది మన తెలుగు జ్ఞాపకంలో అంత గట్టిగా లేదు. నాకైతే అసలు లేదు. ఆ సినిమా చూశాకే తెలిసింది, హైదరాబాద్‌లో పదమూడేళ్ళ నుంచి ఉంటున్నాను.

గంటన్నర సినిమా. ఊరేగింపులు, రెండు పక్షాల నాయకుల ప్రసంగాలు, కర్ఫ్యూలో చిక్కుకున్న ఇళ్ళు. మన దేశంలో మతకలహాల మీద ఇంత వివరంగా తీసిన తొలి డాక్యుమెంటరీల్లో ఇదొకటి. వ్యాఖ్యానం ఎక్కువైందని నా ఫిర్యాదు, బొమ్మ చెప్తున్నదాన్నే గొంతు మళ్ళీ చెప్తుంది కొన్నిచోట్ల. అయితే ఊరేగింపు తీసిన తీరు చూడండి. ఊరేగింపుని అందంగా తీయడం చాలా తేలిక. రంగులు, డప్పులు, జనం, అన్నీ అవే వచ్చి ఫ్రేమ్‌లో పడతాయి. అందంగా తీస్తే దాని పక్షాన చేరినట్టు, వికారంగా తీస్తే ఆ జనంలోని ప్రతి మనిషినీ తిట్టినట్టు. ఇక్కడ రెండూ జరగవు. ఊరేగింపు కనపడిన కాసేపటికే రోజుకూలీ మీద బతికే ఇల్లు కనపడుతుంది, కర్ఫ్యూ అంటే పొయ్యి వెలగకపోవడం అని చెప్పే మనిషి కనపడుతుంది. నాయకుడి మొహం మీద ఉన్నంత ఓపికతో కెమెరా ఆ ఇంటి మనిషి మీద ఉంటుంది. ఇప్పుడు ప్రతి నిమజ్జనానికీ పదివేల డ్రోన్ షాట్లు వస్తున్నాయి, నా ఫ్లాట్ బాల్కనీ నుంచి నేను తీసినవి కూడా ఉన్నాయి అందులో.

'సమ్‌థింగ్ లైక్ ఎ వార్' (1991) గురించి ఎక్కువ రాయలేను, చూడటం కష్టం. కుటుంబ నియంత్రణ క్యాంపు. ఒక డాక్టరు తాను ఎన్ని ఆపరేషన్లు చేశాడో గర్వంగా చెప్తుంటాడు, బల్ల మీద ఆడవాళ్ళు ఒకరి తర్వాత ఒకరు. కెమెరా తల తిప్పుకోదు, అట్టాగని మీద పడి కూడా చూడదు. దానికి జవాబుగా ఇంకోచోట ఆడవాళ్ళు నేల మీద చుట్టూ కూర్చుని, ఒక పెద్ద శరీరం బొమ్మ గీసుకుని, తమ ఒంటి గురించి తమ మాటల్లో నవ్వుకుంటూ చెప్పుకుంటారు. మా ఊళ్ళలో దీన్ని కు.ని. ఆపరేషన్ అంటారు. పొట్టి పేరు, నొప్పి తెలీకుండా. అమ్మకి ఆ సినిమా చూపించలేదు.

నవ్‌రోజ్ ఈ సినిమాలకే అంకితమైపోయిన ఋషి అని అనుకోకండి. జాజ్ పిచ్చి. జాజ్ సంగీతకారుల ఫోటోలు ఏళ్ళ తరబడి తీశాడు. మోటార్ సైకిళ్ళ గురించి పత్రికల్లో రాశాడు. రాజస్థాన్‌లో చీపుళ్ళ మీద 'ఝాడూ కథ' అని ఒక సినిమా తనే డైరెక్ట్ చేశాడు. ఏ గడ్డితో కడతారు, ఎవరు కడతారు, ఎవరు ఊడుస్తారు. 'దువిధా' తీసిన రాజస్థాన్‌కే నలభై ఏళ్ళ తర్వాత చీపురు కోసం వెళ్ళిన మనిషి. నాకు ఆయన కెరీర్ మొత్తంలో ఇష్టమైన మలుపు అదే.

పోయిన సంక్రాంతికి ఇంటికెళ్ళినప్పుడు ల్యాప్‌టాప్‌ని టీవీకి కలిపి అమ్మకి నిపాణి సినిమా పెట్టాను. మరాఠీ రాదు, కింద ఇంగ్లీష్ అక్షరాలు చదవదు. నేను పక్కన కూర్చుని తెలుగులో చెప్తానన్నాను. రెండు నిమిషాలు విని "నువ్వు ఊరుకోరా" అంది.

దుమ్ము వచ్చినప్పుడు ముందుకి జరిగి కూర్చుంది. "ఇది బీడీ పొగాకురా. మన దాంట్లో ఇంత దుమ్ము ఉండదు. మనది జిగురు." తర్వాత చాలాసేపు ఏం మాట్లాడలేదు. మీటింగ్ షాట్లు నడుస్తున్నప్పుడు "ఎవరు తీశారు, ఆ కాంట్రాక్టరేనా?" అంది. ఆయనే అన్నాను. "వీళ్ళు ఆయన్ని లెక్కే చేయట్లేదే."

అయిపోయాక మళ్ళీ ఫ్యాక్టరీ దగ్గర నుంచి పెట్టమంది. పెట్టాను. ఒకచోట ఆపమంది. వరసలో కూర్చున్న ఆడవాళ్ళు. టీవీ దగ్గరికి వెళ్ళి వేలు పెట్టి చూపించింది, ఒకామెని కాదు, ఆమె పక్కన ఉన్న ఖాళీని.

"ఇక్కడ నీళ్ళ చెంబు పెట్టుకునేది మీ అమ్మమ్మ. మూత పెట్టేది కాదు. దుమ్ము పడుతుందే అంటే, తాగేప్పుడు ఊదుకుంటాలే అనేది."